డబ్బా దొరికింది సరే, లాగ్‌లో ఏం రాయాలి?

నమస్తే అండి. కొత్తగా చదివేవాళ్లకి కూడా అర్థమయ్యేలా మీ ప్రశ్న ముందు రెండు ముక్కల్లో చెప్తాను. మీరు డల్లాస్ దగ్గర ఉంటారు. 3 నెలల క్రితం పిల్లలతో కలిసి జియోక్యాషింగ్ మొదలుపెట్టారు, ఇప్పటికి 40 దాకా దొరికాయి. (ఎవరో ఒక చోట డబ్బా దాచి, దాని కోఆర్డినేట్లు, అంటే అక్షాంశ రేఖాంశాలు, సైట్‌లో పెడతారు. మనం జీపీఎస్‌తో వెతికి పట్టుకోవాలి. ఆ డబ్బాని క్యాష్ అంటారు, పెట్టినవాళ్లు ఓనరు. దొరికాక లోపలి కాగితం మీద పేరు రాసి, సైట్‌లో ఆ సంగతి రాయాలి, అదే లాగ్.) అన్నిటికీ ఆన్‌లైన్ లాగ్‌లో "టీఎఫ్‌టీసీ" అని, అంటే డబ్బాకి థాంక్స్ అని, నాలుగక్షరాలు కొట్టి వచ్చేస్తున్నారు. పోయిన వారం ఒక ఓనరు మీ లాగ్‌నే తీసేశాడు, అందులో పెట్టిన ఫొటో వల్ల. ఇంకో చోట మీరు "మూడోసారి వస్తే దొరికింది" అని సంతోషంగా రాస్తే, ఆ ఓనరు "మొదటి రెండుసార్లు ఎందుకు రాయలేదు?" అని మెసేజ్ పెట్టాడు. "సరదాగా ఆడుకునే ఆటకి ఇన్ని మర్యాదలా, మేం చేసిన తప్పేంటి?" అన్నారు. సంక్రాంతికి ఊరెళ్తున్నాం, అక్కడొకటి పెట్టి రావచ్చా అని కూడా అడిగారు.

నేను పోర్ట్‌లాండ్ దగ్గర ఉంటాను. 2011 నుంచి ఆడుతున్నాను. వెతికి పట్టుకున్నవి 2,600 పైచిలుకు, నేను పెట్టినవి 19. ఈ రెండో అంకె ఎందుకు చెప్తున్నానంటే, మొదటి డబ్బా నేను పెట్టేదాకా లాగ్ అంటే ఏమిటో నాకూ తెలియలేదు. అప్పటిదాకా నేనూ మీలాగే నాలుగక్షరాల మనిషిని. (మొదట్లో "క్యాష్ వెతకడానికి వెళ్తున్నాం" అంటే మా అత్తగారు నిజంగా డబ్బులే అనుకున్నారు. రెండు గంటలు అడవిలో తిరిగి ఒక ప్లాస్టిక్ డబ్బాలో రబ్బరు బాతు చూసి వచ్చామని తెలిశాక ఆవిడ మొహం చూడాలి.)

ఒక్క డబ్బా వెనక ఎంత పని ఉంటుందో చూడండి. చోటు వెతకాలి. ఆ స్థలం ఎవరిదో కనుక్కుని అనుమతి తీసుకోవాలి. చుట్టుపక్కల ఉన్న ఇంకో డబ్బాకి 161 మీటర్లు, అంటే మైలులో పదో వంతు, దూరం ఉండాలి. నీళ్లు చొరబడని డబ్బా కొనాలి. కోఆర్డినేట్లు రెండు మూడు రోజులు, వేరు వేరు సమయాల్లో తీసి సరిచూసుకోవాలి. పేజీ రాయాలి. దాన్ని ఒక వాలంటీర్ రివ్యూయర్ చూసి ఒప్పుకోవాలి. అది అయ్యాక వానాకాలం. మా ఓరెగాన్ వానల సంగతి తెలిసిందేగా, ఏడాదికి రెండుసార్లు వెళ్లి తడిసి ముద్దయిన కాగితం మార్చి రావాలి. దీనికి ఎవరూ పైసా ఇవ్వరు. ఎవరైనా లాగ్ చేసినప్పుడు మాత్రం ఓనరుకి ఒక ఈమెయిల్ వస్తుంది. ఆయనకి దక్కే కూలి అంతా అదే. ఆఫీసులో మీటింగ్ మధ్య ఫోన్ మోగితే, చూస్తే నా డబ్బాకి లాగ్ వచ్చిందని ఉంటే, ఆత్రంగా తెరుస్తాను. లోపల "టీఎఫ్‌టీసీ" ఉంటే కోపం రాదు. పెళ్లికి పిలిచి భోజనం పెడితే, చెయ్యి కడుక్కుని మాట్లాడకుండా వెళ్లిపోయినవాళ్లని చూసినట్టు ఉంటుంది, అంతే.

ఇది ఇప్పుడు పుట్టిన పట్టింపు కూడా కాదు. 2000 మే మొదట్లో, అప్పటి అధ్యక్షుడు క్లింటన్ ఆదేశం మీద, పౌరుల జీపీఎస్ సిగ్నల్‌లో కావాలని కలిపే తప్పుని అమెరికా ఆపేసింది. అంతకుముందు 100 మీటర్ల దాకా అటూ ఇటూ చూపించే రిసీవరు ఒక్క రాత్రిలో పది రెట్లు మెరుగైంది. మే 3న డేవ్ ఉల్మర్ అనే ఆయన ఓరెగాన్‌లో బీవర్‌క్రీక్ అనే ఊరి దగ్గర అడవి అంచున ఒక నల్ల బకెట్ పెట్టి, కోఆర్డినేట్లు ఇంటర్నెట్ న్యూస్‌గ్రూపులో పోస్ట్ చేశాడు. బకెట్లో పుస్తకాలు, వీడియోలు, సాఫ్ట్‌వేరు, ఒక ఉండేలు, ఒక చిక్కుడు గింజల డబ్బా. ఆయన పెట్టిన షరతు చిన్నది: ఏదైనా తీసుకోండి, ఏదైనా పెట్టండి, పుస్తకంలో రాయండి. చూశారా, రాయడం మొదటి రోజు నుంచే ఆటలో ఉంది. ఆ బకెట్‌ని అందరికన్నా ముందు వెతికి పట్టుకున్న మైక్ టీగ్ కూడా ఊరుకోలేదు, దొరికిన సంగతి ఆన్‌లైన్లో చెప్పాడు, తర్వాత అలాంటి డబ్బాల జాబితా కూడా తనే పెట్టుకున్నాడు. ఆ సెప్టెంబరు 2న జెరెమీ ఐరిష్ జియోక్యాషింగ్ సైట్ మొదలుపెట్టేనాటికి లెక్కకి 75 డబ్బాలు. ఇప్పుడు ప్రపంచం మొత్తం మీద 30 లక్షల పైనే. బీవర్‌క్రీక్‌లో ఆ చోట ఇప్పుడొక ఫలకం ఉంది, మా ఇంటి నుంచి గంటలోపే. ఇటువైపు వస్తే పిల్లలకి చూపించండి.

ఇక మీ మొదటి సంగతి. "టీఎఫ్‌టీసీ" అంటే 'థాంక్స్ ఫర్ ది క్యాష్'. అది తప్పు కాదు, దాని మీద రూలేమీ లేదు. లాగ్ చిన్నగా ఉందని మీ ఫైండ్ (దొరికిందని పెట్టిన లాగ్) తీసేసే హక్కు ఏ ఓనరుకీ లేదు. ఒకప్పుడు కొందరు ఓనర్లు "టోపీ పెట్టుకుని ఫొటో తీయాలి", "కవిత రాయాలి" అని షరతులు పెట్టేవారు. 2009లో సైట్ అవన్నీ కొట్టేసింది. డబ్బా దొరికి, లోపలి కాగితం మీద మీ పేరు ఉంటే అది మీ ఫైండ్, అంతే. దాన్ని తిరగేసి కూడా చెప్పాలి: కాగితం మీద పేరు లేకపోతే అది ఫైండ్ కాదు. "చెట్టు మీద కనిపిస్తోంది, ఎక్కలేకపోయాం, అయినా దొరికినట్టే" అని కొందరు లాగ్ చేస్తారు. చెట్టెక్కడమే అక్కడ ఆట కదండీ. పెన్ను మర్చిపోతే వేరే సంగతి. నేనొకసారి పక్కనే ఉన్న బ్లాక్‌బెర్రీ పండు నలిపి, పుల్లతో సంతకం పెట్టి, ఆ కాగితం ఫొటో తీసి ఓనరుకి విడిగా పంపాను. ఆయన నవ్వుకుని ఒప్పుకున్నాడు.

చిన్న లాగ్ సరిపోయే చోట్లూ ఉన్నాయి. నెవాడాలో ఈటీ హైవే పక్కన 161 మీటర్లకి ఒకటి చొప్పున వెయ్యికి పైగా ఫిల్మ్ డబ్బాలు పెట్టారు. అలాంటివాటిని పవర్ ట్రయిల్ అంటారు. రోజుకి వందలు చేసేవాళ్లు ఒక్కొక్కదానికీ కథ రాయలేరు, ఆ ఓనర్లు ఆశించరు కూడా. అక్కడ అన్నిటికీ ఒకటే లాగ్ అతికించినా ఎవరూ ఏమీ అనుకోరు. కానీ అదే అతికింపు, ఎవరో ఒకాయన నెల రోజులు గరాజ్‌లో కూర్చుని చెక్కతో తాళాలూ గళ్లూ చేసి పెట్టిన డబ్బా మీద పడితే చాలా చెడ్డగా ఉంటుంది. "ఈ రోజు 22 చేశాం, వాతావరణం బాగుంది, ఓనర్లందరికీ థాంక్స్" అని చదివినప్పుడు ఆయనకి తన డబ్బా 22లో ఒకటిగా తప్ప ఇంకేమీ కనిపించదు.

పెద్ద వ్యాసం అక్కర్లేదు. ఆ చోట తప్ప ఇంకెక్కడా రాయలేని ఒక్క వాక్యం చాలు. "మా వాడు వంతెన కింద కప్పలు లెక్కపెట్టడంలో పడి డబ్బా సంగతే మర్చిపోయాడు, ఆఖరికి వాళ్ల చెల్లి చూసింది." ఓనరుకి ఇందులో అన్నీ తెలిశాయి: పిల్లలు వచ్చారు, చోటు నచ్చింది, డబ్బా ఉంది. ఇంకొక్క ముక్క కలపండి, డబ్బా ఎలా ఉందో. "కాగితం పొడిగా ఉంది, ఇంకా చోటుంది", "మూత కొంచెం వదులైంది". నా లెక్కలో ఈ ముక్క థాంక్స్ కన్నా విలువైనది. దీన్ని చదివి నేను 30 మైళ్ల డ్రైవ్ మానుకున్న సందర్భాలున్నాయి. అక్కడే నిలబడి ఫోన్లో టైప్ చేయడం కష్టమనే అందరూ నాలుగక్షరాలతో సరిపెడతారు. యాప్‌లో డ్రాఫ్ట్‌గా దాచుకునే వీలుంది. అక్కడ డ్రాఫ్ట్ పెట్టేసి, రాత్రి పిల్లలు పడుకున్నాక రాయండి.

ఇంగ్లీషులోనే రాయాలని కూడా లేదు. మా నాన్న 2016లో ఇక్కడికి వచ్చినప్పుడు కొలంబియా నది ఒడ్డున ఒక డబ్బా ఆయనకే దొరికింది. లాగ్ తెలుగులో చెప్పి రాయించారు: "గోదావరి గట్టున పుట్టినవాణ్ణి, ఈ నది కూడా పర్వాలేదు." కింద ఇంగ్లీషులో అర్థం ఒక లైను పెట్టాను. ఆ ఓనరు, రిటైరైన పెద్దమనిషి, గోదావరి గురించి అడుగుతూ మూడు మెసేజ్‌లు పెట్టాడు.

ఇప్పుడు తీసేసిన లాగ్ సంగతి. మీరు పెట్టిన ఫొటోలో పాప డబ్బా పట్టుకుని నవ్వుతోంది, వెనకాల అది దొరికిన పక్షిగూడు, దాని తెరిచిన అడుగుభాగం స్పష్టంగా కనిపిస్తున్నాయి అన్నారు. మీకది పాప ఫొటో. ఆ ఓనరుకి, తర్వాత రాబోయే వాళ్లకి, పొడుపుకథ పక్కనే రాసిన జవాబు. దీన్ని స్పాయిలర్ అంటారు, స్పాయిలర్ ఉన్న లాగ్ తీసేయడానికి ఓనరుకి అధికారం ఉంది. ఆయన ముందొక మాట చెప్పి తీస్తే మర్యాదగా ఉండేది, ఆ మాట నేనూ ఒప్పుకుంటాను. అయినా మీ ఫైండ్ ఎక్కడికీ పోలేదు, ఫొటో లేకుండా మళ్లీ లాగ్ చేసుకోవచ్చు.

హింట్ ఎలా ఉంటుందో గమనించారా? పేజీలో అర్థంకాని అక్షరాల్లో ఉంటుంది. ఇంగ్లీషు అక్షరమాలలో ఒక్కో అక్షరాన్నీ 13 స్థానాలు జరిపి రాస్తారు, కావాలనుకున్నవాడు నొక్కితేనే విప్పుకుంటుంది. హింటే అంత జాగ్రత్తగా మూసిపెట్టినప్పుడు, మనం లాగ్‌లో "మూడో రాయి కింద చూడండి" అని బయటపెట్టకూడదు కదా. మాటల్లో వచ్చే స్పాయిలర్లు ఫొటోల కన్నా మోసం. "మా ఆయన పొడుగు కాబట్టి సరిపోయింది" అంటే పైన ఉందని చెప్పేసినట్టే. "చేతికి అయస్కాంతం తగిలింది", "మోకాళ్ల మీద కూర్చోవాల్సి వచ్చింది", ఇవన్నీ అంతే. పజిల్ క్యాష్‌ల (పొడుపు విప్పితేనే డబ్బా ఉన్న చోటు తెలిసేవి) విషయంలో ఇంకా గట్టిగా ఉండాలి. జవాబుగానీ చివరి కోఆర్డినేట్లుగానీ ఎక్కడా పెట్టకూడదు, ఫేస్‌బుక్ గ్రూపులో కూడా. ఫొటో పెట్టాలనుకుంటే డబ్బా వైపు వీపు పెట్టి, ఎదురుగా ఉన్న చెరువో కొండో తీయండి. పిల్లల మొహాలు పెట్టాలా వద్దా అన్నది మీ ఇష్టం, కానీ లాగ్‌లు ఊరూ పేరూ తెలియని ఎవరైనా చదవచ్చు. "మా ఇంటి వెనకే", "రోజూ సాయంత్రం ఇక్కడికే వస్తాం" లాంటివి నేనైతే రాయను.

అసలు నేను ఇంత పొడుగు జవాబు మొదలుపెట్టింది మీ రెండో సంగతి కోసం. దొరకనప్పుడు రాయకపోవడం.

మొదటి రెండుసార్లు మీరు రాయలేదు, ఎందుకంటే "దొరకలేదు" అని రాయడం నామోషీ అనిపించింది. నాకు తెలుసు, నేను రెండేళ్లు అలాగే చేశాను. మనం చదువుకున్న తీరే అంత, తెలియదు అని పరీక్ష పేపర్లో రాసినవాడెవడు? పసుపు రంగు నవ్వు మొహాల మధ్య నీలం రంగు ఏడుపు మొహం ఒకటి మ్యాప్ మీద ఉంటే మచ్చలా అనిపిస్తుంది. ఆటలో దీన్ని డీఎన్‌ఎఫ్ అంటారు, 'డిడ్ నాట్ ఫైండ్'. అది మీ మార్కుల షీటు కాదు. అది డబ్బా గురించిన వార్త. మీ ఫైండ్ల లెక్కలోంచి ఒక్కటి కూడా తగ్గదు.

ఎంత అవసరమైన వార్తో ఒక అనుభవం చెప్తాను. ఒక కాలిబాట చివర, చెక్క వంతెన దగ్గర ఒక డబ్బా. అక్టోబరులో వెళ్లి ముప్పావు గంట వెతికాం, లేదు. ఇంటికొచ్చి ఏమీ రాయలేదు. పేజీలో చివరి లాగ్ సెప్టెంబరుది, దొరికిందనే ఉంది. తర్వాత తెలిసిందేమంటే, మా ముందు వచ్చిన ఇద్దరికీ దొరకలేదు, వాళ్లూ రాయలేదు. మా తర్వాత రెండు వారాలకి ఒక ముసలి దంపతులు వేరే ఊరి నుంచి వచ్చి, ఆ బురదలో మూడు మైళ్లు నడిచి వెతికి, వాళ్లు మాత్రం నిజాయితీగా డీఎన్‌ఎఫ్ పెట్టారు. ఓనరు మర్నాడే వెళ్లి చూస్తే డబ్బా వరదకి కొట్టుకుపోయింది. మా ముగ్గురిలో ఒక్కరు రాసి ఉంటే ఆ ముసలి దంపతులకి ఆ నడక తప్పేది. ఆ పేజీ చదివిన రాత్రే పాతవి గుర్తున్నంతవరకూ 14 డీఎన్‌ఎఫ్‌లు ఒకేసారి రాశాను.

ఓనరుకి ఇంకో ప్రయోజనం కూడా ఉంది. ప్రతి డబ్బాకీ సైట్ లోపల ఒక ఆరోగ్యం లెక్క ఉంటుంది. డీఎన్‌ఎఫ్‌లు, డబ్బా ఎంత కష్టమైనది, ఓనరు ఈమధ్య చూసి వచ్చాడా లాంటివన్నీ అందులో కలుస్తాయి. బాగా తగ్గితే ఓనరుకి "ఒకసారి చూసుకోండి" అని దానంతటదే ఈమెయిల్ పోతుంది. అందుకే కొందరు ఓనర్లు డీఎన్‌ఎఫ్ చూస్తే చిరాకు పడతారు. పడనివ్వండి. 5కి 4.5 కష్టం ఉన్న డబ్బాకి వరుసగా నాలుగు డీఎన్‌ఎఫ్‌లు వస్తే అది దానికి గౌరవమే, 1.5 దానికి వస్తే అది పోయినట్టే లెక్క. చదివేవాళ్లు ఆ తేడా చూసుకోగలరు, మీరు రాస్తే.

ఎప్పుడు రాయాలి అని మీరు అడుగుతారు కాబట్టి చెప్తున్నాను: కోఆర్డినేట్ల దగ్గరికి చేరి, చెయ్యిపెట్టి వెతకడం మొదలుపెట్టారంటే, దొరక్కపోతే డీఎన్‌ఎఫ్. పార్కింగ్‌లోనే వాన పట్టుకుని వెనక్కి తిరిగితే మామూలు నోట్ చాలు, అదీ రాయాలనిపిస్తేనే. ఇందులో కూడా రెండు లైన్లు రాయండి. "ఇద్దరం 40 నిమిషాలు, హింట్ చదివాక కూడా" అంటే దానికో బరువుంది. "కుక్క గోల పెట్టింది, 5 నిమిషాల్లో వచ్చేశాం" అంటే ఓనరు కంగారుపడి పరిగెత్తక్కర్లేదు.

"డబ్బా పోయింది" అని మాత్రం రాయకండి. మీకు తెలిసింది దొరకలేదని మాత్రమే. నేనొకసారి పెద్ద ఎక్స్‌పర్ట్‌లా "కచ్చితంగా లేదు, ఓనరు వచ్చి చూడాలి" అని గట్టిగా రాశాను. ఓనరు వచ్చి, నేను కూర్చున్న బెంచీకి నాలుగడుగుల దూరంలో నిక్షేపంలా ఉన్న డబ్బా చూసి, చాలా మర్యాదగా ఒక నోట్ పెట్టాడు. ఆ మర్యాదకే నాకు ఇప్పటికీ సిగ్గేస్తుంది.

మా ఆయన చేసింది అంతకన్నా ఘోరం. ఒక చోట దొరక్కపోతే, జేబులో ఉన్న ఖాళీ ఫిల్మ్ డబ్బాలో కాగితం చుట్టి అక్కడ పెట్టేసి, సంతకం చేసి, "పాపం ఓనరుకి సాయం చేశాం" అని ఫైండ్ లాగ్ చేశారు. అసలు డబ్బా అక్కడే ఉంది. ఆర్నెల్లపాటు వచ్చినవాళ్లలో సగం మందికి అసలుది, సగం మందికి మాది దొరికింది. దీన్ని త్రోడౌన్ అంటారు, ఓనరు అడిగితే తప్ప చేయకూడదు. తడిసిన కాగితానికి పొడి కాగితం జత చేయడం, నీళ్లు తుడవడం లాంటి చిన్న సాయం చేసి లాగ్‌లో చెప్తే మాత్రం ఎవరైనా సంతోషిస్తారు.

నిజంగా పాడైన డబ్బా చూస్తే (మూత పగిలింది, కాగితం నిండిపోయింది) అప్పుడు "ఓనర్ అటెన్షన్ రిక్వెస్టెడ్" అనే లాగ్ ఉంది. అది పితూరీ కాదు. ఇండియన్స్‌లో చాలామంది "మనకెందుకు, ఎవరో ఒకరు చెప్తారులే" అని వదిలేస్తారు, నేను ఈ మాట చాలాసార్లు విన్నాను. ఆ లాగ్ పెట్టి, నెలలు గడిచినా ఓనరు పలక్కపోతే అప్పుడు రివ్యూయర్‌ని పిలిచే లాగ్. రివ్యూయర్ దాన్ని తాత్కాలికంగా ఆపి, ఓనరుకి సాధారణంగా నాలుగు వారాలు టైమ్ ఇస్తాడు, అప్పటికీ ఏమీ జరక్కపోతే ఆర్కైవ్ చేస్తాడు, అంటే ఆటలోంచి తీసేస్తాడు. ఈ మెట్లు దాటేసి మొదటి రోజే రివ్యూయర్ దగ్గరికి పోతే మాత్రం ఓనరుకి మండుతుంది, న్యాయమే.

మిగతావి త్వరగా. డబ్బాలో చిన్న గొలుసుతో ఒక రేకు బిళ్ల కనిపిస్తే అది బొమ్మ కాదు, ట్రావెల్ బగ్. పిల్లలు తీసుకెళ్లి దాచుకుంటారు, జాగ్రత్త. దానికో యజమాని, ఒక గమ్యం ఉంటాయి, పేజీలో చదవండి. తీసుకుంటే రెండు వారాల్లో ఇంకో డబ్బాలో వదలండి, వదిలినట్టు లాగ్ చేయండి. బిళ్ల మీద చెక్కిన కోడ్ ఫొటోలో పెట్టకండి. అది కనిపిస్తే, ఎక్కడో సోఫాలో కూర్చున్నవాళ్లు కూడా "మేమూ చూశాం" అని లాగ్ చేసేస్తారు. బొమ్మలు మార్చుకునేటప్పుడు తీసినదానికి తగ్గది పెట్టకుండా ఉంటే చాలు. తినేవి ఎప్పుడూ వద్దు, చాక్లెట్ కూడా. ఎలకలు డబ్బాని కొరికేస్తాయి. ముందుగా కనుక్కున్నవాళ్లు "ఎఫ్‌టీఎఫ్" ('ఫస్ట్ టు ఫైండ్') అని గొప్పగా రాసుకుంటారు. సైట్ దానికి లెక్కేమీ కట్టదు, దాని కోసం ఎవరితోనూ తగువు పెట్టుకోకండి. ప్రీమియం (డబ్బు కట్టే సభ్యత్వం) తీసుకుంటే ప్రతి 10 ఫైండ్లకి ఒక ఫేవరెట్ పాయింట్ వస్తుంది, మీకు నచ్చిన డబ్బాకి ఇవ్వచ్చు, ఓనరుకి అది మంచి లాగ్ అంత సంతోషం.

ఒక సంగతి మాత్రం మనవాళ్లకి విడిగా చెప్పాలి. దుకాణాల పార్కింగ్‌లో దీపస్తంభం అడుగున ఉండే రేకు తొడుగెత్తి, చేతులు లోపల పెట్టి వెతికే మనిషి దూరం నుంచి ఎలా కనిపిస్తాడో ఆలోచించండి. అందులోనూ మన రంగు మనిషి. 2011లో ఇంగ్లాండులో వెదర్బీ అనే ఊళ్లో ఒకాయన డబ్బా పెట్టడం చూసి ఎవరో ఫోన్ చేస్తే, బాంబు స్క్వాడ్ వచ్చి దాన్ని పేల్చేసింది. మా ఆయన్ని ఒకసారి పోలీసు ఆపి అడిగాడు. ఆయన ఫోన్లో యాప్ చూపించి ఉన్నదున్నట్టు చెప్పారు, రెండు నిమిషాల్లో అయిపోయింది. తడబడి కథలు చెప్పొద్దు. చుట్టూ జనం ఉంటే వదిలేసి ఇంకో రోజు రండి. అలా వదిలేసినప్పుడు అదొక నోట్‌గా రాస్తే, తర్వాతివాళ్లు శనివారం మధ్యాహ్నం కాకుండా పొద్దున్నే వస్తారు.

ఇక సంక్రాంతి ప్రయాణం. ఊళ్లో డబ్బా పెట్టి డల్లాస్ వచ్చేస్తే రివ్యూయర్ సాధారణంగా ఒప్పుకోడు, వెకేషన్ క్యాష్ అంటారు దాన్ని. కాగితం తడిస్తే వెళ్లి మార్చే మనిషి దగ్గర్లో ఉండాలి. మీ తమ్ముడో బావగారో నిజంగా ఆ బాధ్యత తీసుకుని, ఆ సంగతి రివ్యూయర్‌కి రాస్తే వేరు. నిజంగా అంటే, ఫోన్లో "సరే అన్నయ్యా" అనడం కాదు. ఇంకోటి, మన రైల్వే స్టేషన్లలో, బస్టాండుల్లో, గుళ్ల దగ్గర "ఎవరిదో తెలియని వస్తువు ముట్టుకోవద్దు" అని మైకులో చెప్తూనే ఉంటారు. అక్కడ మూత పెట్టిన డబ్బా దాచడం అంత తెలివితక్కువ పని ఇంకోటి లేదు. పాత కోటల్లో, ఏఎస్ఐ (కేంద్ర పురావస్తు శాఖ) కాపాడే కట్టడాల్లో కూడా వద్దు.

డబ్బా లేని రకం ఒకటుంది, ఎర్త్‌క్యాష్. భూమి ఎలా ఏర్పడిందో చూపించే చోటుకి వెళ్లి, చూసి, పేజీలో అడిగిన ప్రశ్నలకి జవాబులు ఓనరుకి పంపాలి. జవాబులు లాగ్‌లో పెట్టకూడదు, విడిగా మెసేజ్ చేసి, ఆయన సమాధానం కోసం ఆగకుండా ఫైండ్ లాగ్ చేసుకోవచ్చు. తిరుమల శిలాతోరణం, బెలుం గుహలు, బొర్రా గుహలు లాంటివి చూసినప్పుడల్లా నాకు ఈ రకమే గుర్తొస్తుంది. అలాంటిది తయారు చేయాలన్నా స్థలం చూసుకునేవాళ్ల అనుమతి, కాస్త భూగర్భశాస్త్రం చదవడం తప్పదు. ఈసారికి మాత్రం మ్యాప్ తెరిచి, మీ ఊరికి దగ్గర్లో ఇప్పటికే ఏమున్నాయో చూడండి. మన వైపు డబ్బాలు తక్కువ, వెతికేవాళ్లూ తక్కువ, ఒక్కోదానికి ఏడాదికి ఒకటో రెండో లాగ్‌లు వస్తాయి. అలాంటి ఓనరుకి మీరు రాసే నాలుగు లైన్లు, అవి డీఎన్‌ఎఫ్ అయినా సరే, ఎంత ఆత్రంగా చదువుతాడో ఊహించుకోండి.

మీరు ఈ రాత్రికే చేయగలిగినవి రెండున్నాయి. మెసేజ్ పెట్టిన ఆయనకి "తెలియక రాయలేదు, ఆ రెండుసార్లూ ఇప్పుడు పెడుతున్నాను" అని చెప్పి రెండు డీఎన్‌ఎఫ్‌లు పెట్టండి. పక్షిగూడు ఓనరుకి మళ్లీ ఫైండ్ లాగ్ చేయండి, పాప నవ్విన సంగతి మాటల్లో రాయండి. రెండింటికీ తేదీ మార్చడం మర్చిపోకండి, సైట్ ఈ రోజు తేదీ చూపిస్తుంది. మీరు వెళ్లిన రోజు పెట్టాలి.